గొర్రెను నడిపించిన వానాకాలం

ఇది ఒక మహాగాథ. ఇందులో నిప్పు ఉంది, నది ఉంది, వంశం చీలి తలపడ్డ దాయాదులున్నారు, తలకిందులుగా వేలాడిన దేవతలున్నారు. నైజాం రాజ్యంలో అంతకుముందు ఎవరూ చూడని అద్భుతం ఒకటి కొల్లాపూర్ దగ్గర ఒక గోడమీద జరిగింది. దానికి కర్తను నేనే.

ఇలా మొదలుపెడితే జనం చదువుతారని మా ఊరి పంతులు చెప్పాడు. అసలు సంగతి ఇది. నది ఉన్న మాట నిజమే గాని మేం ఒడ్డునే నిలబడ్డాం. దాయాదులు ఇద్దరే, వాళ్లు కూడా నోటితోనే తలపడ్డారు. ఇక అద్భుతం అంటే ఒక గొర్రె. ఒకటంటే ఒకటే.

ఫిల్ముమీద చేత్తో బొమ్మలు గీసి వాటిని నడిపించడం నా వృత్తి. ఆ వృత్తి నుంచి రిటైరయ్యాను. నాకింకా ముప్పై నిండలేదు. పింఛను లేదు, సన్మానం లేదు, ఎవరూ ఉపన్యాసం ఇవ్వలేదు. ఇప్పుడు మోటారు బస్సుల నెత్తిమీద ఊళ్ల పేర్లు రాస్తున్నాను. అయితే ఈమధ్య భువనగిరి నుంచి ఇద్దరు కుర్రాళ్లు వచ్చి, "అన్నా, మాకు గూడ గా బొమ్మలు నడిపించే పని నేర్పు" అని కూర్చున్నారు. ఒకడు జుట్టు పెంచాడు కూడా. వాళ్లకోసం రాస్తున్నాను. చదివి మానుకుంటే సంతోషం. మానుకోకపోతే జుట్టు కత్తిరించుకోండి, గ్యాస్ దీపం దగ్గర అంటుకుంటుంది.

ఇంటి పని, డేరా పని

మా బాపు కథల బట్టలు గీసేవాడు. తెలియనివాళ్లకోసం చెబుతాను. గొల్లలకు వాళ్ల కులకథ చెప్పే మేళాలుంటాయి. ఆ కథంతా ఒక పొడుగాటి ముతకబట్టమీద, పైనుంచి కిందికి, వరస వెనక వరసగా బొమ్మలు గీసి ఉంటుంది. దాన్ని చుట్టచుట్టి, రెండు గుంజల మధ్య కట్టి, ఒక వరస పాడాక ఇంకో వరస విప్పుతారు. గంజి, సుద్దమట్టి, చింతగింజల జిగురు పట్టించి బట్టను తయారు చేయడం ఒక పని. గీయడం ఇంకో పని. చివరన కండ్లు గీస్తారు. కొబ్బరికాయ కొట్టి, మంచి ఘడియ చూసి కండ్లు తెరిపిస్తే అప్పటినుంచి అది బట్ట కాదు, దేవుడు. చిరిగిపోయినా పారెయ్యరు. మనిషికి చేసినట్టే చేసి నదిలో కలుపుతారు.

ఇంత గొప్ప విద్య ఇంట్లో ఉండగా నేనేం చేశాను? చౌటుప్పల్‌లో డేరా వేసిన ఖాదర్ సాబ్ సినిమాలో చేరాను. కారణం కళ కాదు. బాపు దగ్గర చింతగింజలు దంచేవాణ్ణి, డేరాలో దంచేది ఏమీ లేదు.

ఖాదర్ సాబ్‌ది చేత్తో తిప్పే పాత మిషన్. పట్నంలో మాట్లాడే సినిమాలు వచ్చి చాలా ఏండ్లయినా, మా దగ్గర బొమ్మ నోరు మూసుకునే ఉండేది. నేను పోస్టర్లు గీసేవాణ్ణి, గాజు పలకలమీద "బీడీ తాగరాదు", "విశ్రాంతి", "స్త్రీలకు వేరు జాగా" అని ఉర్దూలో, తెలుగులో రాసేవాణ్ణి. కొత్తగా పనిలోకి వచ్చేవాళ్లు ఇది గుర్తుపెట్టుకోవాలి: పలకను మిషన్లో తలకిందులుగా పెడితేనే తెరమీద నిటారుగా పడుతుంది. మొదటిరోజు నాకు తెలియక నిటారుగా పెట్టాను. జనమంతా తలలు వంకరపెట్టి చదివారు. బీడీలు మాత్రం ఎవరూ ఆర్పలేదు.

వృత్తి గురించి ఖాదర్ సాబ్ నాకు చెప్పిన పాఠం ఒకటే. "తెరమీద ఏదో ఒకటి కదలాలె రాజం. ఏం కదిలినా చూస్తరు. డేరాకు చిల్లు పడి వాన కారినా కూసొని చూస్తరు. బొమ్మ ఆగిందనుకో, కుర్చీలు లేస్తయ్."

కుర్చీలు అనడం ఆయన ఉదారం. ఉన్నవి రెండు. రెండింటిలోనూ ఆయనే కూర్చునేవాడు, ఒకదానిమీద కాళ్లు.

బట్ట దొరకని ఏడాది

యుద్ధం ఎక్కడో జరుగుతోంది, బట్ట మా దగ్గర కంట్రోల్లో పడింది. పెళ్లికొడుకులు అన్నల ధోవతులు కట్టుకుని పీటలమీద కూర్చున్న రోజులవి. ఆ వానాకాలం డేరా చుట్టేసి మేం షాద్‌నగర్‌లో ఒక గోదాములో పడి ఉన్నాం. అక్కడికి ఒకరోజు గొడుగు లేకుండా తడుస్తూ మల్లయ్య మామ వచ్చాడు.

మల్లయ్య మామ మాకు చుట్టం కాదు. మా బాపు దగ్గర బట్ట గీయించుకునే మేళానికి పెద్ద. కొల్లాపూర్ చుట్టుపక్కల గొల్ల ఊళ్లలో కథ చెప్పే హక్కు వాళ్ల తాతల నాటినుంచి వాళ్లది. గొంతు ఎంత పెద్దదంటే, పక్కవాణ్ణి పిలిచినా పక్క ఊరివాడు పలికేవాడు.

"కూసో మామా. ఏమైంది?"

"ఏమైతది? బొమ్మ పోయింది. ఎలుకలు కొట్టినయ్. పోయినేడే కృష్ణల కలిపిన. కొత్తది గియ్యమని మీ బాపు కాడికి పోతె, బట్టేది అంటడు. బట్ట కోసం పోతె, ఒంటిమీద కట్టనీకే లేదు, బొమ్మలకు యాడిదంటరు."

"వచ్చే ఏడు చూద్దాం లే."

"వచ్చే ఏడు నేను కత చెప్పేటోన్నయితె గద!" అన్నాడు. "దసరా ఎల్లినంక కత చెప్పే పాలి నాకు వస్తది. పెద్దగొల్ల ఐలయ్య ఖరారుగ చెప్పిండు. బొమ్మ లేంది కత లేదంట. మా చిన్నాయిన కొడుకు ఎంకటి కాడ బొమ్మ మంచిగున్నది. నేను వట్టి చేతులతోని పోతె ఊళ్లన్నీ వానికిస్తరు. ఒకపారి ఇస్తె మల్ల రావు బిడ్డా. నేనేం జెయ్యాలె? గొర్లు కాస్తనా? నన్ను చూస్తె గొర్లే నవ్వుతయ్."

నాకు జాలి వేసింది. జాలి వేసినప్పుడు నోరు మూసుకోవడం మంచిదని నాకప్పటికి తెలియదు. గోదాములో మూలన పాత ఫిల్ములు గుట్టగా పడి ఉన్నాయి. గీతలు పడి, ముక్కలై, ఖాదర్ సాబ్ కూడా చూపించడానికి సిగ్గుపడేంత పాడైనవి. అంటే నిజంగానే పాడైనవి.

"ఇదుగో మామా బట్ట" అన్నాను.

మల్లయ్య మామ ఒక ముక్క పట్టుకుని చూశాడు. "గిది బట్టనా? గోచికి గూడ సాలదు గద."

"పొడుగు చూడు మామా."

పొడుగు చూశాడు. గోదాము ఆ చివరిదాకా పోయింది. దాని వెంట మామ చూపూ పోయింది. "గీత్తవా?" అన్నాడు.

గీస్తానన్నాను. అలా నా వృత్తి మొదలైంది.

నేను చేసిన రెండు తప్పులు

మొదట ఫిల్మును వేడి సోడానీళ్లలో నానబెట్టి, పాత బొమ్మను రుద్ది తీసెయ్యాలి. ఎందరో అందగాళ్లను, రాణులను, దుర్మార్గులను నేను గోళ్లతో గీకి మోరీలో పారబోశాను. ఒక్క నాయకుడి మీసం మాత్రం ఎంత రుద్దినా పోలేదు. ఫిల్ములో కొంత దూరం దాకా అలాగే నిలిచిపోయింది. పోనీలే అని వదిలేశాను.

తర్వాత బాపు రంగులతో గీశాను. ఇంగిలీకం ఎరుపు, గవ్వల తెలుపు, హరిదళం పసుపు. ఫిల్మును చేత్తో పట్టుకుని చూస్తే కన్నుల పండుగ. గోదాము గోడమీద వేశాం. ఖాదర్ సాబ్ మిషన్ తిప్పాడు.

గోడమీద అంతా నలుపు.

"ఇవి గొల్లలా, బొగ్గు బస్తాలా?" అన్నాడు ఖాదర్ సాబ్.

బాపు రంగులు మట్టి రంగులు, రాతి రంగులు. వెలుగు వాటిలోంచి దూరదు. బట్టకైతే వెలుగు ముందునుంచి పడుతుంది, ఫిల్ముకు వెనకనుంచి వస్తుంది. ఈ సంగతి మిషన్ పక్కనే మూడేండ్లు నిలబడ్డ నాకు తట్టలేదు. ఈ వృత్తిలోకి వచ్చేవాళ్లు ఏదైనా గీసేముందు ఎండకేసి చూడాలి. ఆ తర్వాత నేను జిలేబీ చేసే అతని దగ్గర నారింజరంగు, గులాబీ షర్బత్ ఎరుపు, బడి సిరా నీలం తెచ్చుకున్నాను. అవి అద్దంలా వెలుగును పోనిచ్చాయి. అన్ని రంగుల్లోనూ తుమ్మబంక, కొన్నింటిలో చక్కెర. రోజూ పొద్దున్నే చీమలు నా కళను మెచ్చుకోవడానికి వరుసకట్టేవి. ఇప్పటిదాకా నాకు దొరికిన విమర్శకుల్లో అవే నిలకడగా వచ్చినవి.

రెండో తప్పు ఇంకా ఘనమైనది. బట్టమీద ఒక గడికి ఒక ఘట్టం గీయడం మా ఇంటి అలవాటు. ఫిల్ముమీదా గడులున్నాయి కదా! ఒక గడిలో పుట్టుక, పక్కగడిలో ఊయల, తర్వాతి గడిలో పెళ్లి. అలా కథ మొత్తం గీసేశాను. మల్లయ్య మామ స్నానం చేసి, బొట్టు పెట్టుకుని, తాళం చేతపట్టుకుని గోడముందు నిలబడ్డాడు. ఖాదర్ సాబ్ తిప్పాడు. ఏదో రంగురంగుల పురుగు గోడమీద టపటపా కొట్టుకుని పోయింది.

మామ గొంతు సవరించుకున్నాడు. "ఊ, షురూ జేయి."

"అయిపోయింది మామా."

"ఏంది అయిపోయింది?"

"కత."

మామ కాసేపు గోడకేసి చూశాడు. "పుట్టిండా?"

"పుట్టిండు, పెండ్లయింది, కొట్లాట అయింది, సచ్చిండు, దేవుడయిండు."

"నేనింక గణపతికి మొక్కనే లేదురా!" అన్నాడు. "మా తాత గీ కత వారం చెప్తుండె. గొంతెండితె గొల్లలు పాలు గూడ పోసిరి. నువ్వు రెప్పకొట్టే లోపల సంపినవ్."

ఖాదర్ సాబ్ మాత్రం మెచ్చుకున్నాడు. "మంచిగున్నది మల్లయ్యా. జల్ది ఇంటికి పోవచ్చు."

"నేను పాడినంత సేపు బొమ్మ నిలబడాలె" అన్నాడు మల్లయ్య మామ.

"నిలబడితె కాలుతది" అన్నాడు ఖాదర్ సాబ్. ఫిల్ము దీపం ముందు కదులుతున్నంతసేపే బతుకుతుంది. ఆగితే గోధుమరంగు మచ్చ, ఇంకాస్త ఆగితే మంట. కథ చెప్పేవాడికి బొమ్మ ఆగాలి, సినిమావాడికి బొమ్మ ఆగకూడదు. ఈ ఇద్దరి మధ్య నేను జిలేబీ రంగు పట్టుకుని నిలబడ్డాను. ఈ వృత్తి మొత్తం ఇంతే, మిగతాదంతా సోడానీళ్లు.

ఒక్క గొర్రె

మూడురోజులు ఎవరితోనూ మాట్లాడకుండా ఆలోచించాను అని రాస్తే బాగుంటుంది. నిజానికి ఖాదర్ సాబ్ పైజామాకు నాడా ఎక్కిస్తుండగా తట్టింది. నాడా చుట్టూ తిరిగి మొదటికే వస్తుంది. ఫిల్ము చివరను మొదలుకు అతికిస్తే? బొమ్మ ఆగదు, అయిపోదు కూడా. మామ ఎంతసేపు పాడితే అంతసేపు తిరుగుతుంది.

అయితే అలా తిరిగేది ఏమై ఉండాలి? పుట్టుక తిరగకూడదు. పెళ్లి అసలే తిరగకూడదు. "నడక" అన్నాను. కథలో కరువొచ్చి మందను నీళ్లకోసం తోలుకుపోయే ఘట్టం ఉంది. మంద నడుస్తూ ఉంటే మామ పాడుతూ ఉండొచ్చు.

మంద గీయాలంటే ప్రతి గడిలోనూ మంద గీయాలి. లెక్కేస్తే నా మనవలు పూర్తిచేయాల్సి వచ్చేట్టుంది. "ఒక్క గొర్రెను గీస్త మామా" అన్నాను.

"ఒక్క గొర్రె ఉన్నోన్ని గొల్లంటరా పిలగా? పక్కింట్ల దొంగతనం జేసిండంటరు."

"మిగిలిన మంద ఎనుక వస్తాందని చెప్పు."

"ఎనుకంటె ఏడ? గోడ అవతలనా?"

"నీ పాటల."

మామ తువ్వాలు దులిపి భుజాన వేసుకున్నాడు. ఒప్పుకున్నట్టా, ఏడుపు మింగినట్టా తెలియలేదు. గొర్రెనే గీశాను. వానాకాలమంతా గీశాను. కాలు కొంచెం ముందుకు, ఇంకొంచెం ముందుకు, తల కొంచెం కిందికి. గొర్రెల్లో ఏ ఒక్కటీ ఇంకోదానిలా రాలేదు. ఒకదాని బొచ్చు ఎక్కువ, ఒకదాని మొహం ఖాదర్ సాబ్‌ది.

ఇక కండ్లు. మామ పట్టుబట్టాడు. కండ్లు తెరిపించని బొమ్మ ముందు పాడనన్నాడు. ప్రతి గడికీ ఒక కొబ్బరికాయ కొట్టాలన్నాడు. షాద్‌నగర్ అంగట్లో అన్ని కాయలు లేవు, నైజాం రాజ్యం మొత్తం మీద ఉన్నాయో లేదో. చివరికి బాపును రైలెక్కించి తీసుకొచ్చాను. బాపు కండ్లకు అప్పటికే పొర కమ్మింది. ఫిల్మును వేళ్లతో తడిమాడు, మూతి విరిచాడు.

"గింత సన్నదానిమీద ఎవలు గియ్యమన్నర్రా నిన్ను?"

"బట్ట లేదు బాపు."

"బట్ట లేకుంటె పండుకోవాలె" అన్నాడు. తర్వాత మామ వైపు తిరిగాడు. "మల్లయ్యా, నడిసే గొర్రె ఒకటేనా, శానానా?"

"ఒకటే."

"ఒక గొర్రెకు ఒక కాయ. కొట్టు."

అలా తేలింది. గొర్రెను పక్కనుంచి గీశాను కాబట్టి కన్ను కూడా ఒకటే. గడిగడికీ ఆ ఒక్క కన్నూ పెట్టుకుంటూ పోయాను. పూర్తయ్యేసరికి నా కన్ను అదరడం మొదలైంది. ఇప్పటికీ అదురుతుంది. మా ఆవిడ మొదట్లో అపార్థం చేసుకుంది.

గుంపు లేదని రుజువు

షాద్‌నగర్ నుంచి రైల్లో పాలమూరు, అక్కణ్ణుంచి మోటారు, ఆ తర్వాత ఎడ్లబండి. మిషన్, దీపం, ఫిల్ము డబ్బా, ఖాదర్ సాబ్, ఆయన రెండు కుర్చీలు. కొల్లాపూర్ దాటకముందే ఠాణా ముందు బండి ఆపారు. అవి నలుగురు ఒకచోట చేరాలంటే సర్కారు ఇజాజత్, అంటే అనుమతి, అడగాల్సిన రోజులు. ఠాణాకు పెద్ద అమీన్ సాబ్ ఫిల్మును బయటికి లాగి ఎండకు పట్టి చూశాడు.

"ఇదేంది?"

"గొర్రె, సాబ్."

ఇంకొంచెం లాగాడు. "ఇది?"

"గదే గొర్రె, సాబ్."

చాలా దూరం లాగాడు. "మరి ఇది?"

"గదే."

"అంటె ఏం మారలే."

"కాలు మారింది, సాబ్."

అమీన్ సాబ్ నన్ను పైనుంచి కిందికి చూశాడు. "ఎటు పోతాంది?"

ఆ రోజుల్లో నల్లగొండ, పాలమూరు జిల్లాల్లో ఎటు పోతున్నావన్నది చిన్న ప్రశ్న కాదు. మనుషులు జవాబు చెప్పుకోలేక లోపల కూర్చున్నారు. "నీళ్లకు, సాబ్" అన్నాను.

"ఒక్కతేనా? ఎనుక గుంపు ఉన్నదా?"

మందంతా తన పాటలో ఉందని మల్లయ్య మామ గర్వంగా నోరు తెరిచాడు. నేను ఆయన కాలు తొక్కాను. "లేదు సాబ్. గుంపు గియ్యలే."

"అచ్ఛా. గుంపు లేకుంటె ఫికర్ లేదు. పోండి."

కొత్తగా వచ్చేవాళ్లకు ఇక్కడ నా అభిప్రాయం సూటిగా చెబుతాను. తక్కువ గీయడంలో గొప్ప కళ ఉందని తర్వాత ఒకరిద్దరు చదువుకున్నవాళ్లు నాతో అన్నారు. నేను తల ఊపాను. తక్కువ గీయడంలో ఉన్నది ఠాణా నుంచి బయటపడే సౌకర్యం.

గోడమీద నీళ్లు

తెరకు బట్ట లేదు కాబట్టి పెద్దగొల్ల ఐలయ్య తన దొడ్డిగోడకు సున్నం వేయించాడు. పొద్దుగూకింది. గొంగళ్లు పరుచుకుని జనం కూర్చున్నారు. ముందువరసలో ఐలయ్య, పక్కన వాళ్లవ్వ. వాళ్ల పక్కనే, ఎవరూ పిలవకపోయినా, మల్లయ్య మామ దాయాది ఎంకటి. చుట్టచుట్టిన తన బట్టను ఒళ్లో పసిపిల్లను పెట్టుకున్నట్టు పెట్టుకున్నాడు. మామ ఓడితే అక్కడికక్కడే విప్పడానికి.

ఫిల్మును రెండు గుంజలకు వేసిన కొక్కేల మీదుగా తిప్పి మిషన్లోకి ఎక్కించాం. గొర్రె తలకిందులుగా వేలాడటం మామ చూశాడు. "దేవున్ని గిట్ల కడుతరార్రా?" అని నెత్తి కొట్టుకున్నాడు. అతుకు సంగతి ఆయనకు చెప్పలేదు. ఫిల్ము అతికించే మందు యుద్ధంతోపాటు దొరక్కుండా పోయింది. నేను తుమ్మబంకతో అతికించాను.

గణపతికి మొక్కాడు, ఊరికి మొక్కాడు, ఐలయ్యకు మొక్కాడు. ఖాదర్ సాబ్ తిప్పాడు. గోడమీద గొర్రె నడిచింది.

ఏ బొమ్మా ఇంకోదానిలా లేదని చెప్పాను కదా. గోడమీద ఆ తేడాలన్నీ కలిసి గొర్రె ఒళ్లంతా సన్నగా వణికింది. బొచ్చు కదిలింది. డొక్క లేచి పడింది. నేననుకోలేదది. ఐలయ్య వాళ్లవ్వ ముందుకు వంగింది.

"ఊపిరి తీస్తాంది రా అయిలీ" అన్నది.

  అదే సమయానికి గొర్రెకు మీసాలొచ్చాయి. సోడానీళ్లకు లొంగని ఆ నాయకుడి మీసం, తిరిగి తిరిగి గొర్రె మూతిమీదికొచ్చి, మెలితిరిగి, మాయమైంది. పిల్లలు కేకలేశారు.

మల్లయ్య మామ తొణకలేదు. "ఇది వట్టి గొర్రె గాదు, మందకు పెద్ద! మీసమున్న పెద్ద! దీని ఎనుక ఎన్ని గొర్లొస్తున్నయో సూడుండ్రి..." అని గోడ చివరన ఉన్న చీకటికేసి చెయ్యి చాపాడు. జనమంతా చీకట్లోకి చూశారు. గొర్రెల పేర్లు, రంగులు, ఏ తల్లికి ఏ పిల్ల అన్నీ పాడాడు. నేను గీయనిదంతా పాడాడు. మీసం మళ్లీ వచ్చింది. ఈసారి ఎవరో దండం పెట్టారు.

ఎంకటి ఇదంతా చూశాడు, తాంబూలం ఉమ్మాడు. "మల్లన్నా, అప్పటిసంది నడుస్తాంది, గోడ దాటుత లేదేంది? గిది గానుగెద్దా?"

నవ్వులు. ఐలయ్య నవ్వలేదు. "ఎంకటి అడిగింది నిజమే మల్లయ్యా" అన్నాడు. "కరువుల తోలుకొచ్చినవ్. ఇంత దూరం నడిపిస్తివి. నీళ్లకాడికి పోతదా, పోదా? పోకుంటె ఇది కత గాదు."

మామ నావైపు చూశాడు. నేను నేలకేసి చూశాను. నాడాకు చివర ఉండదు. గొర్రె తెల్లవార్లూ నడిచినా నీళ్లు రావు. నేను గీయలేదు. ఎంకటి తన బట్ట ముడి విప్పడం మొదలుపెట్టాడు.

మామ పాట ఆపలేదు. "నడుస్తాంది... నాలిక ఎండుతాంది... కాలు కాలుతాంది..." అంటూ సాగదీశాడు. ఒక మాటను అంతసేపు సాగదీసిన మనిషిని నేను మళ్లీ చూడలేదు. వెనక మిషన్లో టక్కుమంది. దీపం వేడికి తుమ్మబంక వదిలేసింది. అతుకు ఊడి, ఫిల్ము దీపం ముందు ఇరుక్కుంది.

గొర్రె ఆగింది.

"ఆగింది!" అన్నాడు ఎంకటి సంతోషంగా.

గొర్రె కాళ్లకింద గోధుమరంగు మచ్చ పుట్టింది. పెరిగింది. అంచులు ఉడికినట్టు బుడగలొచ్చాయి. గోడంత మంట గోడమీద లేచింది. మామ వెనక్కి తిరిగి చూడలేదు, ఆ మంటలోనే నిలబడి పాడాడు. "భూమి మండె! అడివి మండె! కాలి గిట్టల కింద నిప్పు లేచె!" మిషన్ దగ్గర నిజంగానే నిప్పు లేచింది. ఖాదర్ సాబ్ గడ్డం ఒకవైపు అంటుకుంది. నేను ఫిల్మును రెండువైపులా పళ్లతో తెంపి, మండే ముక్కను లాగి కిందపడేసి గొంగడితో తొక్కాను. మిషన్ ఖాళీ అయింది. దీపం ఆరలేదు.

ఏ బొమ్మా అడ్డం లేని వెలుగు మొత్తం సున్నంగోడమీద పడింది. తెల్లగా, కండ్లు చెదిరేట్టు.

మల్లయ్య మామ చెయ్యెత్తాడు. "నీళ్లు!"

ఆ ఒక్కమాటే. తర్వాత పాడలేదు.

అవ్వ కొంగు నెత్తిమీదికి లాక్కుని గోడకు దండం పెట్టింది. ఎవరో గొల్లాయన లేచి, గోడదాకా పోయి, చెయ్యి పెట్టి చూసుకున్నాడు. ఐలయ్య చాలాసేపు ఆ తెలుపుకేసి చూసి, ఎంకటి వైపు తిరిగాడు. "నీ బట్టల నీళ్లు గిట్ల మెరుస్తయా?"

ఎంకటి ముడి మళ్లీ వేసుకున్నాడు. ఊళ్లు మల్లయ్య మామకే ఉన్నాయి. నా వెనక ఖాదర్ సాబ్ సగం గడ్డంతో నిలబడి, "బొమ్మ ఆగినా కుర్చీలు లేవలే రాజం" అన్నాడు. కుర్చీలు ఆయన లేపి పక్కన పెట్టుకున్నాడు, కాలకుండా.

నదికి ఇచ్చినది

కండ్లు తెరిచిన బొమ్మ కాలితే ఊరకే వదలకూడదు. మర్నాడు మిగిలిన ఫిల్మును డబ్బాలో పెట్టి, పసుపు కుంకుమ చల్లి, కృష్ణ ఒడ్డుకు తీసుకుపోయాం. అప్పటికి నా ఏకైక కృతి అది. చూసినవాళ్లు ఒక గొల్లవాడ, కొన్ని కుక్కలు. మామ ఏడ్చాడు. నేనూ ఏడ్చేవాణ్ణే గాని డబ్బా మూత గట్టిగా పట్టేసింది, లోపల గాలి ఉండిపోయింది. నీళ్లలో వేస్తే మునగకుండా తేలుతూ పోయింది. పుట్టి నడిపేవాడు ఎవరిదో పడిపోయిందనుకుని, తెడ్డుతో లాక్కొచ్చి, భద్రంగా మా చేతికిచ్చి, జాగ్రత్తగా ఉండమని మందలించి పోయాడు. చివరికి రాయితో కొట్టి మూత తీసి, ఫిల్మును మాత్రం కలిపాం. డబ్బా నా దగ్గర ఉండిపోయింది.

మరుసటేడు ఐలయ్య కబురు పంపాడు: బొమ్మ ఎట్లున్నా సరే, మా అవ్వ అడుగుతాంది, నీళ్లు మాత్రం గట్లనే రావాలె. అలా నా వృత్తి స్థిరపడింది. ఏటా వానాకాలం ఒక గొర్రెను గీయడం, దసరా వెళ్లాక సరైన మాట దగ్గర తగలబెట్టడం. ఆ విద్యలో ఆరితేరాను. బంకలో ఎన్ని నీళ్లు కలిపితే ఎంతసేపటికి అతుకు వదులుతుందో నాకు తెలుసు. మీకు చెప్పను, ఎవరైనా అడుగుతారని కాదు, ఊరికే.

రిటైర్మెంట్ ఎలా జరిగిందంటే, ఒకరోజు మల్లయ్య మామ ఇంటికొచ్చాడు. భుజంమీద మూట ఉంది. మొహం వెలిగిపోతోంది. నాకేదో గొప్ప కబురు తెచ్చాడనుకున్నాను. మూట విప్పి చాపాడు. "బట్ట దొరికింది పిలగా. ముతకది, మంచిగున్నది. నిమ్మళంగ నిలబడే బొమ్మ గియ్యి. గీ కాల్చుడు, గీ గడ్డాలు అంటుకునుడు మనతోని గాదు."

గీశాను. బాపు పక్కన కూర్చుని చెప్పాడు, నేను చింతగింజలు దంచాను. నీళ్లకు నీలం పూశాను. మెరవవు. ఐలయ్య వాళ్లవ్వ అప్పటికి లేదు కాబట్టి ఎవరూ అడగలేదు.

ఇక ఆ డబ్బాలో మా ఆవిడ కందిపప్పు పోస్తుంది. పురుగు పట్టదు. మూత మాత్రం బిగుసుకుంటుంది, అంచుకు కొంచెం నూనె రాయాలి.